వాగు ఒడ్డున పొయ్యిల లెక్క

2021 సెప్టెంబరులో నన్ను సెక్షన్ ఆఫీసరుగా బల్మూర్, అమ్రాబాద్‌ల నడుమ ఉన్న ఒక అటవీ సెక్షన్‌కు బదిలీ చేశారు. అడవి ఉద్యోగం సంగతి తెలియనివారికి ఒక మాట చెప్పాలి. అడవిని బీట్లుగా విడదీస్తారు. ఒక్కో బీటుకు ఒక బీట్ ఆఫీసరు ఉంటాడు. కొన్ని బీట్లు కలిస్తే సెక్షన్, కొన్ని సెక్షన్లు కలిస్తే రేంజి. రేంజి అధికారిని అందరూ రేంజర్ అంటారు. ఆ పైన డివిజన్. వీటి మధ్యలో ఉండే సెక్షన్ ఆఫీసరు కిందివాళ్లకు జవాబు చెప్పాలి, పైవాళ్లకు లెక్క చెప్పాలి. ఈ రెండో పని నాకు ఇష్టం. నేను చదివింది ఇంటర్మీడియెట్ వరకే. కలప ఘనపరిమాణం, నేల వైశాల్యం, వాగు నీటి ప్రవాహం లెక్కగట్టడం పాత పుస్తకాలు కొనుక్కొని నాకు నేనే నేర్చుకున్నాను. నిరుడు మోకాళ్లు మొరాయించి గడువుకు ముందే విరమణ తీసుకున్నాను కానీ, కనబడినదాన్నల్లా కొలిచే అలవాటు మాత్రం ఇంకా సర్వీసులోనే ఉంది.

ఆ సెక్షన్‌లో నాకు అప్పగించిన వాటిలో ఒకటి క్యాంపు మైదానం. పులుల రిజర్వు హద్దుకు బయట, వాగు ఒడ్డున ఉన్న చదును నేల అది. నాగర్‌కర్నూల్, వనపర్తి, కల్వకుర్తి, ఆఖరికి గద్వాల నుంచి కూడా జనం వచ్చి ఒక రాత్రి గుడారాలు వేసుకొని, వండుకొని తిని పోయేవారు. కాపలాకు, శుభ్రతకు ఒక మనిషి ఉండేది. పేరు సువార్తమ్మ. బల్మూర్ దగ్గరి పల్లె ఆమెది. పెళ్లయిన నాటినుంచి భర్తతో కలిసి పూణె వైపు బిల్డింగు పనులకు వలస పోయి, ఈ కాపలా పని దొరికాక ఊరికి తిరిగొచ్చింది. వాళ్ల కూతురు ఆ ఏడాది పదో తరగతి.

చార్జి తీసుకున్న వారంలోనే రేంజర్ గారు నన్ను మైదానానికి తీసుకుపోయి, నేల వైపు చెయ్యి చూపించారు. ఎక్కడ చూసినా నల్లమచ్చలు. పొయ్యి పెట్టిన చోటల్లా నేల కాలి ఇటుకలా గట్టిపడింది. అట్లాంటి నేలలోకి వాన నీరు దిగదు, అందులో గడ్డి విత్తనం మొలవదు. మచ్చ మీద పడిన నీరు పక్కకు జారి, మంచి నేలను కోసుకుంటూ వాగులో పడుతుంది. డివిజన్ నుంచి నోటీసు కూడా వచ్చి ఉంది. కార్తీకమాసం అయిపోగానే తనిఖీ ఉంటుందని, అప్పటికీ కొత్త మచ్చలు పడుతూనే ఉంటే మైదానాన్ని మూసివేస్తారని, దాంతో కాపలా పోస్టు కూడా రద్దవుతుందని అందులో రాశారు.

సువార్తమ్మకు ఈ సంగతి నేనే చెప్పాను. ఆమె చీపురు పక్కన పెట్టి, "దసరా కాంగనే రమ్మని మేస్త్రీ ఫోన్ చేసిండు సారు. లారీల రెండు జాగలు పట్టి పెట్టిన్నంటుండు. కార్తీకం దాటినంక చెప్త అన్న. ఇప్పుడేం చెప్పాలె?" అని అడిగింది. మేస్త్రీ అంటే వలస కూలీలను జట్టుగా తీసుకుపోయే మనిషి. పోతే భార్యాభర్తలిద్దరూ పోవాలి, పిల్లను పరీక్షల ముందు ఎవరింట్లోనో వదలాలి. ఆగమని చెప్పమన్నాను. ఏ ధైర్యంతో అన్నానో నాకే తెలియదు.

మొదట కొలిచాను. మైదానాన్ని తాడుతో గళ్లుగా విడదీసి, ప్రతి నల్లమచ్చ దగ్గర ఒక మేకు కొట్టి, దానికో నంబరు రాశాను. ఒక పొయ్యి, దాని చుట్టూ మనుషులు తొక్కే జాగా కలిపితే, నలుగురు పడుకునే చాపంత నేల చెడిపోతున్నది. వచ్చిన ప్రతి జట్టూ కనీసం రెండు పొయ్యిలు పెడుతున్నది. ఇదే వరసలో పోతే వచ్చే కార్తీకానికి గుడారం వేసుకోవడానికి పచ్చగడ్డి అన్నది మిగలదు. ఈ లెక్క గీసి రేంజర్ గారికి చూపిస్తే, ఆయన కాగితాన్ని అటూ ఇటూ తిప్పి, "లెక్క బాగుంది. మందు ఏది?" అన్నారు.

నిజానికి మిగతా జబ్బులకు మందు తొందరగానే దొరికింది. సంచులు గేటు దగ్గర విప్పించి, లోపలికి పోయే ప్లాస్టిక్ సీసాలు, పొట్లాలు చూసుకొని, పోయేటప్పుడు అవన్నీ చూపించాలన్నాం. జనం గొణిగినా చూపించారు. గిన్నెలు వాగులో సబ్బు పెట్టి తోమొద్దని, వాగుకు దూరంగా బూడిదతో తోమి ఆ నీళ్లు గుంతలో పోయాలని చెబితే ఆడవాళ్లు సంతోషంగా ఒప్పుకున్నారు. బూడిదతో తోమితే గిన్నె మెరుస్తుందని మాకే తిరిగి చెప్పారు. మొండికేసింది పొయ్యి ఒక్కటే.

దానికి నేను చేసిన ఉపాయం సిమెంటు పొయ్యిలు. మైదానం అంచున, రాతినేల మీద, మూడు పొయ్యిలు కట్టించాం. కొలతలు నావే. వనపర్తిలో ఒక హోటలుకు పోయి అక్కడి పెద్ద గుండిగ చుట్టుకొలత తీసుకొని, దాన్నిబట్టి పొయ్యి నోరు వేశాను. పక్కన బోర్డు పెట్టించాం: "ఇచ్చట మాత్రమే వండవలెను." జనం బోర్డు చదివారు. పొయ్యిల మీద చెప్పులు పెట్టుకున్నారు, ఎండకు తువ్వాళ్లు ఆరేశారు, ఒక కొత్త జంట దాని మీద కూర్చొని ఫోటో కూడా దిగింది. వంట మాత్రం ఎవరి పొయ్యి వాళ్లు మూడు రాళ్లు తెచ్చి కొత్తగా పెట్టుకొనే చేశారు.

రాళ్లు దొరకకుండా చేస్తే సరిపోతుందనుకున్నాం. బీట్ ఆఫీసర్లను పెట్టి మైదానంలోని రాళ్లన్నీ ఏరించాం. ఆ వారం వచ్చినవాళ్లు వాగు ఒడ్డును తవ్వి రాళ్లు తెచ్చుకున్నారు. రెండడుగుల ఒడ్డు జారి నీళ్లలో పడింది. ఏరించిన రాళ్లను మళ్లీ మోయించి, జారిన చోట కట్టించాం.

ఇంతలో కార్తీకం వచ్చింది. ఆ నెలలో వనభోజనాలు మా మైదానానికి పెద్ద సీజను. మొదటి ఆదివారానికే కొత్త మచ్చలు పడ్డాయి. కొత్త మేకులు కొట్టాను. సువార్తమ్మ మేకుల సంచి మోసింది.

రెండో శనివారం వనపర్తి నుంచి ఒక జట్టు వచ్చింది. మార్కెట్‌లో వ్యాపారం చేసుకునే కుటుంబాలు. వాళ్లతో మౌలా భాయ్ అనే వంట మాస్టర్ వచ్చాడు. బిర్యానీ వండే పెద్ద రాగి దేగ్ ఒకటి వ్యాన్ లోంచి పసిపిల్లను దించినట్టు దించుకున్నాడు. సిమెంటు పొయ్యి చూసి నోరు నొక్కుకున్నాడు.

"గిదేం పొయ్యి సాబ్? బాయి లెక్కుంది. నా దేగ్ లోపటికి పడిపోతది," అన్నాడు.

హోటలు గుండిగకు తీసిన కొలత అని చెప్పబోయాను. సువార్తమ్మ నన్ను ఆపి, తనే ముందుకొచ్చింది.

"భయ్యా, జర నా మొఖం చూడు. ఇంకో నల్లమచ్చ పడితే ఈ జాగ బందైతది. నేను పూణె లారీ ఎక్కుడే."

"నీ కోసం వండుత బిడ్డా. దమ్ సరిగ పడకపోతే నా పేరు ఏం గావాలె?"

"నీ పేరు గేటు మీద రాయిస్త. సారు బోర్డులు మస్తు రాయిస్తడు."

మౌలా భాయ్ నవ్వాడు. పొయ్యి నోటికి రెండు ఇనుప కడ్డీలు అడ్డం వేసి, సందుల్లోంచి మంట బయటికి ఎగదన్నుతుంటే తిట్టుకుంటూ, ఎట్లాగో వండాడు. ఆ సిమెంటు పొయ్యి మీద ఉడికిన మొదటి అన్నం అదే. నేనూ తిన్నాను. అడుగు కొంచెం మాడిందని ఆయన పదిసార్లు చెబితే తప్ప మాకెవరికీ తెలియలేదు.

తెల్లవారి ఆదివారం. వాళ్లు ఇంకా సామాను సర్దుకుంటుండగానే గద్వాల నుంచి ఒక బస్సు దిగింది. మగ్గాల కుటుంబాల ఆడవాళ్లు, వెంట పిల్లలు, నలుగురైదుగురు మగవాళ్లు. వాళ్లకు పెద్ద శకుంతలమ్మ. అరవై దాటిన మనిషి, గొంతు మాత్రం వాగు అవతలికి వినబడుతుంది. ఉసిరి చెట్టు కింద దేవునికి పాశం, అంటే పరమాన్నం, నైవేద్యం పెట్టి, తర్వాత భోజనాలు చేయడం వాళ్ల ఆనవాయితీ. దిగీ దిగగానే ఇద్దరు మగవాళ్లను రాళ్లకు పంపింది.

నేను అడ్డుపడ్డాను. సిమెంటు పొయ్యి మీదే వండాలన్నాను.

"యాక సారూ?" అన్నది. గద్వాల వైపు మాటల్లో కన్నడం కలుస్తుంది. యాక అంటే ఎందుకని.

ఎందుకో చెప్పాను. మైదానమంతా తిప్పి మేకులు చూపించాను, ఒక్కో పొయ్యి ఎంత నేల తింటున్నదో చెప్పాను. ఆమె శ్రద్ధగా విన్నది. తర్వాత సిమెంటు పొయ్యి దగ్గరికి పోయి వంగి చూసింది. పక్కన మౌలా భాయ్ జట్టు తిని పడేసిన బొక్కలు, పొయ్యిలో నిన్నటి బూడిద.

"నీసు వండిన పొయ్యి మీద దేవుని పాశం ఎట్ల పెడ్త సారూ? భయ్యా, నీ మీద కోపం గాదు."

"నాకు తెల్వదా అమ్మా," అన్నాడు మౌలా భాయ్. "నేను గూడ ఎవలదో పొయ్యంటే ఒప్పుకోను. నిన్న ఈ బిడ్డ మొఖం చూసి వండిన. మా వోళ్లు మాడు మాడు అని నా పానం తీసిన్రు."

మాడిందని అన్నది ఆయనొక్కడే.

నాకు ఓపిక తగ్గింది. "అమ్మా, మీ ఇంట్లో రోజుకో కొత్త పొయ్యి పెడుతారా? నిన్న వండిన పొయ్యి మీదే కదా ఇవాళా వండేది?" అని కొంచెం గట్టిగానే అడిగాను. నా ప్రశ్నకు తిరుగులేదనుకున్నాను.

శకుంతలమ్మ నడుం మీద చేతులు పెట్టుకున్నది.

"మా ఇంట్ల ఇప్పటికీ మట్టిపొయ్యి ఉంది సారూ. పొద్దుగాల లేవంగనే దాన్ని అలుకుతం, ముగ్గేస్తం. అలికినంక అది కొత్త పొయ్యే. దీన్ని ఎవరలికిన్రు? మాకంటే ముందుగాల ఎవరు వండిన్రో, ఏం వండిన్రో, గట్లనే ఇడిసిపెట్టి పోయిన్రు. దీని మీద పాశం పెట్టమంటవు. నువ్వు ఎన్నడన్న పొయ్యి ముందట కూసున్నవా?"

బస్సులోంచి దిగిన ఆడవాళ్లందరూ ఒక్కసారి నవ్వారు. రాళ్లకు పోయిన మగవాళ్లు కూడా అక్కడే ఆగి నవ్వారు. నేను ఎన్నడూ పొయ్యి ముందు కూర్చోలేదు. అదే చెప్పాను.

"మరి అలికితే వండుతావా అమ్మా?" అని అడిగింది సువార్తమ్మ.

"అలికితే వండనా మరి? సిమెంటు మీద మన్ను పడుతదో లేదో చూడాలె. ఎర్రమన్ను దొరుకుతదా ఈడ? పెండ?"

సువార్తమ్మ అప్పటికే నడుస్తున్నది. పల్లె దారి పక్కన రోడ్డు పనికి తవ్విన గుంతలో ఎర్రమన్ను ఉంది. అడవిలో చెయ్యి పెట్టే పని లేదు. పల్లెలోంచి ఒక తట్ట పేడ వచ్చింది. శకుంతలమ్మ కొంగు దోపి, మౌలా భాయ్ వైపు తిరిగి, "ముందుగాల నీ బొక్కలు ఎత్తు భయ్యా. బొక్కల నడుమ నేనెట్ల కూసుంట?" అన్నది. ఆయన తన జట్టు మగవాళ్లందరినీ పిలిచి, గడ్డిలో పడినవి కూడా వదలకుండా ఏరించి సంచిలో కట్టించాడు. గేటు దగ్గర సంచులు విప్పించి నేను ఏ రోజూ అంత శుభ్రంగా ఏరించలేకపోయాను.

ఆమె మొదట బూడిద తీసింది. తర్వాత మన్ను మెత్తగా పిసికి, పొయ్యి నోటి చుట్టూ మూడు గడ్డలు పెట్టి, తన గిన్నె అడుగు ఆనేటట్టు సరిచేసింది. సందులన్నీ మూసింది. పైన పేడ కలిపిన మన్నుతో అలికింది. ఆరేలోపు ముగ్గుపిండి తీసి, నాలుగు గీతలు గీసింది. నా హోటలు కొలత మన్ను కింద కనబడకుండా పోయింది.

మౌలా భాయ్ వ్యాన్ ఎక్కకుండా ఇదంతా చూస్తూ నిలబడ్డాడు. మంట వెలిగాక వంగి, "ఒక్క దిక్కు నుంచి గూడ మంట బయటికి వస్తలేదు. కట్టె సగంలనే పని అయితది. నిన్ననే వచ్చుంటే అమ్మా, నా దేగ్ మాడకపోవు," అన్నాడు.

"నిన్న అలికి పెడ్తే నీసు వండి ఇడిసిపెడ్దువు. ఇయ్యాల మల్ల అలుకుడే గదా!" అన్నది ఆమె, గంటె తిప్పుతూనే.

ఆ మాట దగ్గరే సువార్తమ్మకు పని తెలిసిపోయింది. ఆ సాయంత్రం బస్సు పోయాక ఆమె మూడు పొయ్యిలూ అలికింది. ఆనాటినుంచి ఒక జట్టు పోగానే బూడిద తీయడం, అలకడం, ముగ్గేయడం వరస అయింది. ముగ్గు చెదరకుండా ఉంటే ఆ పొయ్యిని ఇంకా ఎవరూ ముట్టలేదని అర్థం. ఎవరికీ చెప్పనక్కర లేకుండానే వచ్చినవాళ్లు దాన్ని అట్లాగే చదువుకున్నారు. గిన్నె పెద్దదైతే గడ్డలు జరిపేది, చిన్నదైతే దగ్గరికి తెచ్చేది. పక్కన ఒక మన్ను కుప్ప ఎప్పుడూ తడిపి ఉంచేది.

ముగ్గుల విషయంలో ఒక చిక్కు వచ్చింది. సువార్తమ్మకు వచ్చింది ఒక్కటే ముగ్గు, క్రిస్మస్‌కు ఇంటిముందు వేసే చుక్క, అంటే నక్షత్రం. "మా పాస్టరయ్య చూస్తే ఏమంటడో, మైసమ్మ గుడికి పొయ్యే భక్తులు చూస్తే ఏమంటరో," అని కొంచెం పరేషాన్ అయింది. ఎవరూ ఏమీ అనలేదు. మిగిలిన కార్తీకమంతా ఆ చుక్క ముగ్గు మీదే ఉసిరి చెట్టు నైవేద్యాలు ఉడికాయి. ఒకావిడ నమూనా బాగుందని కాగితం మీద గీసుకొని కూడా పోయింది.

మన్ను, పేడ ఖర్చు ఏ పద్దు కింద రాయాలో మాత్రం మాకు తెలియలేదు. మా అంచనాల పట్టికలో సిమెంటు ఉంది, ఇసుక ఉంది, ఇనుము ఉంది, పేడ లేదు. రేంజర్ గారు ఒక సాయంత్రం ఆలోచించి "వంట కట్టడాల నిర్వహణ" అని రాయించారు.

తనిఖీ కార్తీకం దాటాక, ఒక మామూలు పనిదినాన జరిగింది. డివిజనల్ ఆఫీసరు గారు మైదానమంతా నడిచారు. నంబర్ల ప్రకారం మేకులు చూశారు. రెండో ఆదివారం తర్వాత ఒక్క కొత్త మేకూ లేదు. పాత మచ్చల అంచుల్లో అక్కడక్కడ గడ్డి లేస్తున్నది. ఆయనకు అది సరిపోలేదు. కార్తీకంలో వచ్చేవాళ్లు నియమం మీద ఉంటారు కాబట్టి అలుకు, ముగ్గు చెల్లాయని, రేపు మామూలు రోజుల్లో కుర్రాళ్లు వస్తే దీన్ని లెక్కచేస్తారన్న నమ్మకం ఏమిటని అడిగారు. న్యాయమైన ప్రశ్న. సువార్తమ్మ గేటు దగ్గర నిలబడి మా మొహాలు చూస్తున్నది.

మేము ఉసిరి చెట్టు కింద ఉండగానే రెండు మోటారు సైకిళ్ల మీద నాగర్‌కర్నూల్ కుర్రాళ్లు దిగారు. సంచిలో కోళ్లు, ఒక గిన్నె. ఒకడు అలవాటుగా రాళ్ల కోసం వాగు దిక్కు నడిచాడు. ఇంకొకడు పొయ్యి చూసి కేక వేశాడు.

"అరే, వాపస్ రారా! ఈడ పొయ్యి అలికి పెట్టిన్రు. అక్కా, ఇది ఎవలదన్ననా?"

"ఎవలది గాదు. పొద్దుగాల అలికిన. మీరే మొదలు," అన్నది సువార్తమ్మ.

"మా అమ్మ గూడ గిట్ల పెట్టియ్యదు," అని వాడు, చెప్పులు ముగ్గు అవతల విడిచి కూర్చున్నాడు. వాగు దిక్కు పోయినవాడు ఉత్త చేతులతో తిరిగొచ్చాడు. పోయేటప్పుడు బొక్కలు సంచిలో కట్టుకొని పోవాలని సువార్తమ్మ చెబితే, "పొయ్యి ఇంత మంచిగిస్తే అవి గూడ మోస్తం అక్కా," అన్నారు.

డివిజనల్ ఆఫీసరు గారు మేకుల పట్టిక మడిచి నాకిచ్చారు. నోటీసు వెనక్కి తీసుకుంటున్నట్టు, కాపలా పోస్టు మరో ఏడాది కొనసాగేట్టు సిఫారసు రాస్తానని రేంజర్ గారితో చెప్పి జీపెక్కారు. నేను గేటు దగ్గరికి పోయి ఆ మాట సువార్తమ్మకు చెప్పాను. ఆమె మట్టి చేతులు కొంగుకు తుడుచుకొని, ఫోను తీసి, నా ముందే మేస్త్రీతో మాట్లాడింది. "ఆ రెండు జాగలు ఎవలకన్న ఇచ్చెయ్ అన్నా. ఆయన గూడ రాడు, నేను గూడ రాను. ఈడ పని మస్తుంది," అని పెట్టేసి, కుర్రాళ్ల కోసం నీళ్ల బిందె ఎత్తుకున్నది.

ఆ తర్వాత నేను ఇంకో రెండు క్యాంపు మైదానాలకు అంచనాలు వేశాను. అంతకుముందు ఎన్ని పొయ్యిలు పెడుతున్నారు, ఎంత నేల చెడుతున్నది అన్నది కొలిచాను కానీ, ప్రతి జట్టూ కొత్త పొయ్యి ఎందుకు పెడుతున్నదో ఒక్కరినీ అడగలేదు. బయట తిరిగేవాళ్లు నేలకు చేసే హానిలో చాలా భాగం పొగరుతో చేసేది కాదు. తమకు ముందు ఎవరు ఉండిపోయారో తెలియని చోట, తమకంటూ ఒక శుభ్రమైన జాగా కావాలని చేసేది. ఆ శుభ్రమైన జాగా ముందే సిద్ధంగా ఉంచితే, నిషేధాలు తక్కువ సరిపోతాయి. కొత్త అంచనాల్లో మొదటి పద్దుగా అలికే మనిషి జీతం, రెండో పద్దుగా ఎర్రమన్ను రాశాను. సిమెంటు మూడోది. బోర్డుకు పద్దు వేయలేదు.